రెంబ్రాంటు గృహమును జిత్రశాలయు: 1656వ సంవత్సరపు వస్తుపట్టిక

చిత్రకారుల చరిత్రములకు ఆధారములు సాధారణముగా రెండు విధములు. శిష్యులును మిత్రులును తరువాతి తరమువారును వ్రాసి యుంచిన కథలు మొదటి విధము. క్రయపత్రములు, ఋణపత్రములు, వ్యాజ్యములలోని వాఙ్మూలములు, న్యాయస్థానపు లెక్కలు రెండవ విధము. మొదటివానిలో రసము హెచ్చు, ప్రామాణ్యము తక్కువ. రెండవవానిలో రసము లేదు. కాని వానిని వ్రాసినవారికిఁ జిత్రకారుని పొగడవలెనను కోరికగాని తెగడవలెనను కోరికగాని లేదు గనుక వారి మాట నమ్మఁదగినది. హాలెండుదేశపు చిత్రకారుఁడైన రెంబ్రాంటు విషయమున నీ రెండవ విధపు ఆధారము మిక్కిలి యపురూపమైన దొకటి కలదు. 1656వ సంవత్సరము జూలై 25, 26 తేదీలలో ఆమ్‌స్టర్‌డాము నగరమున, దివాలా యాస్తులను విచారించు కార్యస్థానపు లేఖకులు అతని యింటిలోనికిఁ బోయి, గది వెంట గది తిరిగి, అందున్న వస్తువులను వరుసగా వ్రాసికొనిరి. ఆ పట్టికలో 363 పద్దులున్నవి.

ఆ పట్టిక యేల పుట్టినది, అందేమున్నది, దానినిబట్టి యా చిత్రకారుని కాఁపురమును బనియు నెట్లు తెలియవచ్చును అనునవి విచారింపఁదగిన విషయములు. అంతకంటె ముఖ్యమైన ప్రశ్న మఱియొకటి కలదు. రెంబ్రాంటు దుర్వ్యయముచేతఁ జెడిపోయెనని యొక వాదము చిరకాలముగా నున్నది. ఇటలీదేశపు చరిత్రకారుఁడు బాల్డినూచి 1686లో వెలువరించిన గ్రంథమున, రెంబ్రాంటు వేలములయందు మొదటి పాటలోనే వెలను మిక్కిలి పైకెత్తెడివాఁడనియు, దానివలన నింకెవ్వరును పాడకుండెడివారనియు, ఇట్లేల చేసెదవని యడిగినచోఁ దన వృత్తికి గౌరవము కలుగుటకని చెప్పెడివాఁడనియుఁ గలదు. పాతబట్టలు కొనుటయందును నతనికి మితి లేదని యా గ్రంథకర్త చెప్పెను. ఈ కొనుగోళ్లు వ్యసనమా, వృత్తిసాధనమా? దీనికి సమాధానము కథలలో దొరకదు, పట్టికలోనే వెదకవలెను.

రెంబ్రాంటు 1606 జూలై 15వ తేదీన లైడెను పట్టణమునఁ బుట్టెను. తండ్రి గాలిమర యజమానుఁడు. తల్లి రొట్టెలు కాల్చి యమ్మువాని కూఁతురు. వారి మర రైను నది యొడ్డున నుండుటచేత నా కుటుంబమునకు 'వాన్ రైన్' అను పేరు వచ్చెను. బాలుని లాటిను పాఠశాలలోఁ జదివించిరి. 1620లో లైడెను విశ్వవిద్యాలయమున నతని పేరు నమోదయ్యెను. కాని యతని మనస్సు చదువుమీఁద లేదు. లైడెనులో నొక గురువునొద్దను, ఆమ్‌స్టర్‌డాములో లాస్ట్‌మన్ అను చిత్రకారునొద్దను పని నేర్చికొని, స్వగ్రామమునఁ గొన్నియేండ్లు పనిచేసి, 1631 ప్రాంతమున ఆమ్‌స్టర్‌డామునకు వచ్చి స్థిరపడెను. అక్కడఁ జిత్రముల వర్తకుఁడైన ఔలెన్‌బుర్హు ఇంట నుండి ధనికుల రూపచిత్రములు వ్రాసెను. ఆ వర్తకుని బంధువర్గములోనిదియు, ఒక నగరాధ్యక్షుని కుమార్తెయు నగు సాస్కియాను 1634లో వివాహమాడెను.

చేతినిండ పనియు, భార్యవైపు ధనమును ఉండుటచేత నతఁడు 1639 జనవరిలో బ్రేస్ట్రాట్ అను వీథిలో నొక పెద్ద యిల్లు కొనెను. వెల 13,000 గిల్డరులు. కొంత సొమ్ము ముందుగాఁ జెల్లించి, మిగిలినది అయిదాఱేండ్లలోఁ దీర్చునట్లు ఒడంబడిక. ఆ గడువు దాఁటినను బాకీ తీఱలేదు. కుటుంబమునను వరుసగాఁ గష్టములు వచ్చెను. ముగ్గురు బిడ్డలు శైశవముననే పోయిరి. 1641లోఁ బుట్టిన టైటసు ఒక్కఁడే బ్రదికెను. మఱుసటియేఁట సాస్కియా మరణించెను. 'రాత్రి పహరా' యని లోకమునఁ బేరుపడిన పెద్ద చిత్రమును నతఁడు ముగించినది యా 1642లోనే. తరువాత హెండ్రికియె స్టోఫెల్స్ అను నామె యా యింట గృహకృత్యములు నడపుచు నతనికి సహచారిణి యయ్యెను. 1654లో వారికి గొర్నేలియా యను కూఁతురు గలిగెను.

ఇల్లమ్మినవాఁడు 1653లో బాకీకై పట్టుపట్టెను. అప్పటికి వడ్డీతోడి మొత్తము ఎనిమిదివేల గిల్డరులకు మించెను. రెంబ్రాంటు ఒక ఋణమును దీర్చుటకు మఱికొన్ని ఋణములు చేసెను. కొర్నేలిస్ విట్సెన్ అను నగరాధ్యక్షుఁడు 4,180 గిల్డరులును, హెర్ట్స్‌బేక్ అను వర్తకుఁడు 4,200 గిల్డరులును, మిత్రుఁడైన యాన్ సిక్స్ 1,000 గిల్డరులును ఇచ్చిరి. ఈ మువ్వురిలో విట్సెను పేరు జ్ఞాపకముంచుకొనఁదగినది. ముందు తెలుఁగుదేశముతోడి సంబంధము చెప్పునపుడు ఆ వంశము మరల వచ్చును. ఈ యప్పులును దీఱలేదు. 1656 జూలైలో రెంబ్రాంటు, వర్తకమునందును సముద్రముమీఁదను దనకు నష్టములు వచ్చెనని విన్నవించి, తన సొత్తంతయు ఋణదాతలకు ఒప్పగించుటకు న్యాయస్థానపు అనుమతి వేఁడెను. కారాగృహమునకుఁ బోకుండ మానముతో దివాలా యెత్తుటకు నాఁటి ధర్మశాసనము చూపిన మార్గమది. ఈ విన్నపము ననుసరించియే పైఁజెప్పిన పట్టిక వ్రాయఁబడినది.

లేఖకులు వీథిగుమ్మము మొదలుకొని వ్రాసిరి. ముందరి సావడిలో గోడలనిండఁ జిత్రములు, క్రిందఁ గొన్ని కుర్చీలు. అందు రెంబ్రాంటు స్వహస్తముతో వ్రాసినవియు, ఇతరులు వ్రాసినవియుఁ గలవు. అందుచేత నతఁడు చిత్రకారుఁడు మాత్రమే కాక చిత్రముల వర్తకుఁడు గూడ నని తెలియుచున్నది. ఇల్లే దుకాణము. లోపలి గదులలో గురువైన లాస్ట్‌మన్, మిత్రుఁడైన లీవెన్స్, సమకాలికులైన బ్రౌవర్, సేఘర్స్ మున్నగువారి పటములు పేర్కొనఁబడినవి. ఇటలీ చిత్రకారుఁడగు జోర్జోనే వ్రాసినదని చెప్పఁబడిన యొక పెద్ద పటమున కెదురుగా, దానిలో సగము వేఱొక వర్తకునిదని లేఖకులు వ్రాసిరి. ఒక పటమును ఇరువురు కలిసి కొని లాభనష్టములు పంచుకొనెడి వ్యవహార మీ యొక్క పద్దువలన స్పష్టమగుచున్నది.

పై యంతస్తులోని 'కళావస్తువుల గది' యీ యింటి హృదయము. అందు రెండు భూగోళములు, శంఖములు, గవ్వలు, పగడపుఁ గొమ్మలు, ఖనిజములున్న పెట్టె, రోమను చక్రవర్తుల శిరోవిగ్రహములు, హోమరు, అరిస్టాటిలు, సోక్రటీసు అను ప్రాచీనుల విగ్రహములు, చీనా పాత్రలు, జపానుదేశపు శిరస్త్రాణము, తూర్పుదేశములనుండి వచ్చిన గిన్నెలు, పెట్టెలు, ఆయుధములు కలవు. వీనికంటె నెక్కువ విలువ గలవి చిత్రపుస్తకములు. రఫేలు, మైకెలాంజిలో, టిషియను, మాంటేన్యా, క్రానాఖు, బ్రూగెలు, లూకాస్ వాన్ లైడెన్ మొదలగువారి కృతులనుండి తీసిన ముద్రితచిత్రములు సంపుటములుగాఁ గుట్టఁబడి వరుసగా నున్నవి. ఇటలీదేశమున కెన్నఁడును బోవని యా చిత్రకారుఁడు ఇటలీని దన యింటిలోనికిఁ దెప్పించుకొనెనని యీ పద్దులు చెప్పుచున్నవి.

గ్రంథములు మాత్రము స్వల్పము. పాత బైబిలు ఒకటి, యూదుల చరిత్ర వ్రాసిన జోసీఫసు గ్రంథము సచిత్రముగా నొకటి, యాన్ సిక్స్ రచించిన 'మెడియా' నాటకము, శరీరప్రమాణములనుగూర్చి డ్యూరరు వ్రాసిన శాస్త్రము, పేరు చెప్పక 'వేర్వేఱు పరిమాణముల పుస్తకములు పదునైదు' అని మఱియొక పద్దు. పండితుల యిల్లు గాదది. ఆ కొలఁది గ్రంథములును వృత్తికిఁ బనికివచ్చునవియే యని గమనింపవలెను.

చిన్న చిత్రశాల యడ్డుతెరలతో భాగములుగా విభజింపఁబడి యుండెను. అందుఁ బాత యాయుధములు, వాద్యములు, సజీవుల యవయవములనుండి తీసిన సుద్ద యచ్చులు కలవు. పెద్ద చిత్రశాలలో ఈటెలు, ఖడ్గములు, కవచములు మున్నగువానితోపాటు 'ఇండియా' స్త్రీపురుషుల దుస్తులును జెప్పఁబడినవి. ఆ కాలపు డచ్చి వ్రాఁతలలో నీ పదము తూర్పుద్వీపములతోఁగూడ విశాలమైన ప్రాచ్యభూమి కంతకును జెల్లునని యెఱుఁగవలెను. పట్టికలో సింహచర్మము, ఆఁడుసింహపు చర్మము గలవు.

ఇఁక వంటయిల్లు. తగరపు నీళ్లపాత్ర యొకటి, కొన్ని కుండలు, పెనములు, ఒక చిన్న బల్ల, ఆహారపదార్థముల బీరువా, కొన్ని పాత కుర్చీలు. చలువకు వేసిన బట్టల పద్దులో మగవారి చొక్కాలు మూఁడు, చేతిరుమాళ్లు ఆఱు, భోజనపు తువాళ్లు పండ్రెండు, బల్లగుడ్డలు మూఁడు మొదలగునవి కలవు. దూరదేశములనుండి వచ్చిన విగ్రహములును, భూగోళపు రెండవ కొననుండి వచ్చిన గవ్వలును ఉన్న యింట, యజమానుని చొక్కాలు మూఁడు! దివాలాకు ముందు కొంత వెండిబంగారము బయటికిఁ బోయి యుండునని యొప్పుకొన్నను, ఈ రెండు పద్దులను జేర్చి చదివినవారికి, అతఁడు భోగమునకై వ్యయము చేసినవాఁడను మాట నిలువదు. అతని ధనము భోజనపు బల్లమీఁదికిఁ బోలేదు; చిత్రశాలలోనికిఁ బోయినది.

అట్లు పోయిన ధనము వృథ యైనదా యనుటకు చిత్రములే సాక్ష్యము. సిసిలీ ద్వీపములోని మెసీనా నగరవాసి యగు ఆంటోనియో రుఫో యను ప్రభువు కోరఁగా 1653లో రెంబ్రాంటు వ్రాసిన పటమున, ఒక తత్త్వవేత్త హోమరు శిరోవిగ్రహముమీఁదఁ జేయి వైచి చింతాక్రాంతుఁడై నిలిచి యున్నాఁడు. దానికి వెల 500 గిల్డరులు. ఆ తత్త్వవేత్త అరిస్టాటిలు. ఆ యిరువురి విగ్రహములును బట్టికలోఁ గలవు. 1650లో నతఁడు రాగిరేకుమీఁదఁ జెక్కి యచ్చొత్తిన యొక చిన్న చిత్రమున, చుక్కలచుక్కల గవ్వ యొక్కటి మాత్రమే విషయము. అది హిందూమహాసముద్రమునను బసిఫిక్కునను దొరకెడి జాతి. అచ్చొత్తినపుడు కుడియెడమలు తాఱుమాఱగును గనుక చెక్కువాఁడు తిరుగఁబెట్టి చెక్కవలెను. రెంబ్రాంటు తన సంతకమునట్లే తిరుగఁబెట్టెను. గవ్వను మాత్రము కన్నులకుఁ గన్పట్టినట్లే చెక్కెను. అందుచేత నచ్చులో దాని చుట్లు ప్రకృతికి విరుద్ధముగాఁ దిరిగినవి. ఆ గవ్వ యతని బల్లమీఁద నెదురుగా నుండఁగా నతఁడు పనిచేసెననుటకు ఈ పొరపాటుకంటె మంచి సాక్ష్యము లేదు.

ఆ యింటిలోఁ బని జరిగెడి తీరును గొంత చెప్పవలెను. పెద్ద చిత్రశాల గవాక్షములు ఉత్తరదిక్కునకుఁ దెఱచి యుండును. సూర్యుఁడు నేరుగాఁ బడని యా వెలుఁగు దినమంతయు సమముగా నుండును గనుకఁ జిత్రకారులు దానినే కోరుదురు. రంగులు నాఁడు అంగడిలో గొట్టములలో దొరకెడివి కావు. సీసపు తెలుపు, కావిమన్ను, ఎముకల మసి, సీసము తగరము కలిసిన పసుపు, నీలిగాజు పొడి మున్నగువానిని ఱాతిపలకమీఁద వేసి, అవిసెనూనెతో మెదపి, ఏనాఁటి కావలసిన దానాఁడు సిద్ధము చేయవలెను. ఇది శిష్యుల పని. ఫ్లింక్, బోల్, ఫాబ్రీషియస్, హోఖ్‌స్ట్రాటెన్, మాస్ మొదలగువారు రెంబ్రాంటునొద్దఁ బని నేర్చిరి. ఒక్కొక్క శిష్యుఁడు ఏఁటికి నూఱు గిల్డరులు గురుదక్షిణ యిచ్చెడివాఁడని సాండ్రార్ట్ అను సమకాలికుఁడు వ్రాసెను. హోఖ్‌స్ట్రాటెను 1678లోఁ జిత్రకళనుగూర్చి పెద్ద గ్రంథము రచించెను. అనఁగా నా యిల్లు కాఁపురము, దుకాణము, గురుకులము, కళాభాండాగారము నను నాలుగును గలిసినట్టిది. పట్టికలోని కవచములు, విగ్రహములు, దుస్తులు గురువునకు మాత్రమే కాక శిష్యులకును బాఠ్యగ్రంథములుగా నుండెను.

తూర్పుదేశపు వస్తువు లా యింటి కెట్లు చేరెను అను ప్రశ్నకు సమాధానము నాఁటి వర్తకచరిత్రలోఁ గలదు. డచ్చివారి తూర్పుఇండియా వర్తకసంఘము 1602లో నేర్పడెను. 1605లో వారు గోలకొండ సుల్తానుల రేవైన మచిలీబందరున దిగి వర్తకశాల పెట్టిరి. కృష్ణా గోదావరీ తీరములలో నేసి యద్దిన వస్త్రములు మచిలీబందరునుండి బటేవియాకును, ఆమ్‌స్టర్‌డామునకును నెగుమతి యయ్యెను. సూరతు రేవునుండి మొగలుల నగరములకు వారి రాకపోకలు సాగెను. బట్టలతోడను సుగంధద్రవ్యములతోడను గలిసి, వింతవస్తువులును జిత్రపటములును ఆ యోడలలోఁ బోయెను. ఈ రాకపోకలకు గోలకొండ చిత్రకారుల సాక్ష్యము గూడఁ గలదు. రెంబ్రాంటునకు ఋణమిచ్చిన కొర్నేలిస్ విట్సెను కుమారుఁడు నికొలాసు విట్సెను తరువాత ఆమ్‌స్టర్‌డాము నగరాధ్యక్షుఁడయ్యెను. హిందూదేశపు రాజులయు రాజపుత్రులయు 49 రూపచిత్రములు గల సంపుట మొకటి యతనిదై యుండెను. అది 1686వ సంవత్సరమునకు ముందు గోలకొండలో వ్రాయఁబడినది. నేఁడు ఆమ్‌స్టర్‌డాములోని రైక్స్ మ్యూజియమునఁ గలదు. గోలకొండ 1687లో ఔరంగజేబు వశమయ్యెను. రాజ్యము పోవుటకు ముందు ఆ నగరపుఁ జిత్రకారులు డచ్చివారి కొఱకుఁ జేసిన పని యట్లు దక్కినది.

రెంబ్రాంటు చూచినవి విట్సెను సంపుటములోనివి కావు. అంతకు ముందే వచ్చిన మొగలు చిత్రములు. 1656 మొదలు 1661 వఱకు గల కాలమున నతఁడు వానిని జూచి కాగితముమీఁద వ్రాసికొన్న ప్రతులు ఇరువదికిఁ బైగా నేఁడును నిలిచి యున్నవి. లండను, పారిస్, ఆమ్‌స్టర్‌డాము, వియన్నా, బెర్లిను మున్నగు నగరముల చిత్రభాండాగారములలో నవి చెదరి యున్నవి. లండనులో రిచర్డుసను అను చిత్రకారుని సొత్తు 1747లో వేలమైనపుడు ఇట్టివి 25 గల యొక పుస్తకము పేర్కొనఁబడినది. జహంగీరు, షాజహాను, దారాషుకో మొదలగువారి రూపములు వీనిలోఁ గలవు. రెంబ్రాంటు తన సామాన్య రేఖాచిత్రములను చవుకకాగితముమీఁద వడివడిగా గీచెడివాఁడు. వీనిని మాత్రము తూర్పుదేశపు నున్నని కాగితముమీఁద, సన్నని కలముతో, పాదుకల కొనలు, నడికట్ల ముళ్లు, తలపాగాల మడతలు తప్పకుండ శ్రద్ధతో వ్రాసెను. పట్టికలో 'విచిత్రమైన సూక్ష్మచిత్రముల పుస్తకము' అని యొక పద్దు గలదు. అది యీ మొగలు చిత్రముల సంపుటమే యని కొందఱు పరిశోధకులు భావించిరి.

ఈ ప్రతులలో నొకటి విశేషముగాఁ బరిశీలింపఁదగినది. చెట్టునీడను జంబుఖానాపై నలుగురు వృద్ధులు కూర్చున్నారు. నడుమఁ గిన్నెలును బుస్తకములును గలవు. వారు సూఫీ గురువులు. రెంబ్రాంటు వ్రాసిన ప్రతి లండనులోని బ్రిటిష్ మ్యూజియమున నున్నది. దానికి మూలమైన మొగలు చిత్రము వియన్నా నగరమున షెన్‌బ్రున్ రాజభవనములోఁ గలదు. మరియా తెరెసా రాణి కాలమున మొగలు చిత్రములను ముక్కలుగాఁ గోసి గోడలకుఁ బొదిగిన గదిలో నది చేర్పఁబడెను. మూలమును బ్రతియు నిట్లు రెండును నిలిచి యుండుట యరుదు.

1656లోనే, అనఁగా పట్టిక పుట్టిన యేఁటనే, రెంబ్రాంటు రాగిరేకుమీఁద నొక చిత్రము చెక్కెను. విషయము బైబిలు కథ. వృద్ధుఁడైన అబ్రహామునకు ముగ్గురు బాటసారులు అతిథులై వత్తురు, అతఁడు వారికి సత్కారము చేయును, వారు దైవస్వరూపులు, వృద్ధదంపతులకుఁ బుత్రుఁడు గలుగునని వారు వరమిత్తురు. ఐరోపాచిత్రకారులు ఈ యతిథులను దఱచుగా బల్లచుట్టు కూర్చుండఁబెట్టి వ్రాసెడివారు. రెంబ్రాంటు బల్ల తీసివైచెను. అతిథులు నేలపై, పఱపుమీఁద, సూఫీ గురువులవలెఁ గూర్చున్నారు. నడుమనున్న దైవము తెల్లని గడ్డముగల వృద్ధుఁడు. చేత గిన్నె గలదు. గృహస్థుఁడు ప్రక్కను వంగి పాత్ర పట్టుకొని వడ్డనకు సిద్ధముగా నున్నాఁడు. తలుపుచాటున సారా వినుచున్నది. వెనుక బాలుఁడు వీపు త్రిప్పి విల్లెక్కుపెట్టుచున్నాఁడు. తూర్పుదేశపుఁ గథను తూర్పువారి కూర్చుండు తీరునఁ జూపుటచేత నా యాతిథ్యమునకు ఇంతకుముందు లేని సహజత్వము వచ్చినది. అతిథిని దైవముగా నెంచు దేశమువారికి దాని భావము వ్యాఖ్యానము లేకయే బోధపడును.

ఇది చౌర్యమా, స్వతంత్రకృతియా? ఇట్టి ప్రశ్న మన యాలంకారికులకుఁ గొత్తది కాదు. ఆనందవర్ధనుఁడు ధ్వన్యాలోకము నాలుగవ యుద్ద్యోతమునఁ గవుల యర్థములలోని పోలిక మూఁడు తెఱఁగులని చెప్పెను: అద్దములోని ప్రతిబింబమువంటిది, చిత్రమువంటిది, ఇరువురు దేహధారుల పోలికవంటిది. మొదటిదానికి వేఱుగా నాత్మ లేదు. రెండవదాని యాత్మ తుచ్ఛము. మూఁడవదానికిఁ దన యాత్మ తనకుఁ గలదు గనుకఁ గవి దానిని విడువనక్కఱలేదు. రాజశేఖరుఁడు కావ్యమీమాంసలో నీ విభాగమును మఱింత పెంచెను. ఈ కొలఁతతోఁ జూచినచో రెంబ్రాంటు కాగితపు ప్రతులు మొదటి రెండు తెఱఁగులకుఁ జేరును. అవి యభ్యాసము కొఱకు వ్రాసికొన్నవే గాని కృతులుగా నమ్మినవి కావు. అబ్రహాము చిత్రము మూఁడవ తెఱఁగు. అవయవసంస్థానము మొగలు చిత్రకారునిది, ప్రాణము రెంబ్రాంటుది. పోగుచేసిన సామగ్రి యట్లు కృతిగా మాఱుటయే యా సంపాదనము వృత్తిసాధనమనుటకు ముఖ్యమైన నిదర్శనము.

పట్టిక వ్రాసినపిమ్మట వస్తువులు వేలమునకు వచ్చెను. చిత్రపుస్తకములు, విగ్రహములు, గవ్వలు చెల్లాచెదరయ్యెను. 1658లో నిల్లు 11,218 గిల్డరులకు అమ్ముడుపోయెను; పందొమ్మిదేండ్లకు ముందు కొన్నవెలకంటె నది తక్కువ. షాజహాను సింహాసనభ్రష్టుఁడైనదియు నా యేఁటనే. రెంబ్రాంటు రోజెన్‌ఖ్రాఖ్టు అను కాలువవీథిలో నొక యద్దెయింటికిఁ బోయెను. 1660 డిసెంబరులో హెండ్రికియెయు టైటసును గలిసి చిత్రముల వర్తకమునకు ఒడంబడిక వ్రాసికొనిరి. రెంబ్రాంటు వారియొద్దఁ బనిచేయువాఁడుగాను, వారు అతనికి భోజనమును వసతియు నిచ్చువారుగాను అందు నిర్ణయింపఁబడెను. ఇట్లు చేసినచో నతఁడు వ్రాసిన పటములు ఋణదాతల పాలు కాకుండును. మహాచిత్రకారుఁడు తన యింటనే కూలివాఁడయ్యెను. కాని పని సన్నగిల్లలేదు. బట్టలవర్తకసంఘపు పరీక్షాధికారుల సమూహచిత్రము 1662లోనిది. 'యూదువధువు' అను పేరఁ బ్రసిద్ధమైన చిత్రము ఆ కాలపుదే.

హెండ్రికియె 1663లోను, టైటసు 1668లోను మరణించిరి. రెంబ్రాంటు 1669 అక్టోబరు 4వ తేదీన మరణించెను. మఱునాఁడు మరల నొక లేఖకుఁడు వచ్చి మరల నొక పట్టిక వ్రాసెను. కొలఁది గృహోపకరణములను వ్రాసిన తరువాత, తక్కిన చిత్రములు, రేఖాచిత్రములు, అపురూపవస్తువులు, ప్రాచీనవస్తువులు మూఁడు గదులలో నుంచి తాళము వేసి ముద్ర వేయఁబడినవని యందుఁ గలదు. ఈ వాక్యము మొదటి పట్టికకు వ్యాఖ్య. సర్వస్వమును బోఁగొట్టుకొని, కొడుకు చేతిక్రింద నన్నము తినుచు, ఆ వృద్ధుఁడు పదియేండ్లలో మరల మూఁడు గదులనిండ వస్తువులు చేర్చెను. దర్పమునకై కొన్నవాఁడు దారిద్ర్యమున మానివేయును. అవి లేనిదే పని సాగనివాఁడు మానఁజాలఁడు. బాల్డినూచి చెప్పిన వేలపు కథ నిజమైనను, దానికి మూలము దుర్వ్యసనము గాదనియే యీ రెండు పట్టికలు కలిసి నిర్ణయించుచున్నవి.

బ్రేస్ట్రాటులోని యిల్లు అనేకుల చేతులు మాఱి, 1911లో రెంబ్రాంటు వస్తుప్రదర్శనశాలగా తెఱవఁబడెను. 20వ శతాబ్ది చివర దాని గదులను బూర్వరూపమున నమర్పఁదలఁచినపుడు, ఏ వస్తువు ఏ గదిలో నుండవలెనో తెలిసికొనుటకుఁ బనికివచ్చిన ముఖ్యాధారము 1656నాఁటి పట్టికయే. ఇల్లు ఖాళీ చేయించుటకు వ్రాసిన కాగితమే యిల్లు మరల నింపుటకు మార్గదర్శి యయ్యెను.

తెలుఁగునాఁట నిట్టి విచారణకుఁ జోటున్నది. లేపాక్షి వీరభద్రాలయపు కప్పుమీఁదఁ బదునాఱవ శతాబ్దిలో నంతటి చిత్రములు వ్రాసినవారి పేరులు తెలియవు. వారి యిండ్లు, వారి పనిముట్లు, వారు రంగులు నూఱిన కల్వములు కథలలోనైన లేవు. కావ్యముల తాళపత్రములను సేకరించునపుడు, వానితోఁ గలిసి యున్న యప్పుపత్రములను, భాగపరిష్కారములను, కవిలెకట్టలలోని యింటిసామానుల లెక్కలను బనికిమాలినవని త్రోసివేయుట వాడుక. రెంబ్రాంటు మూఁడు చొక్కాల పద్దు చదివినవారు ఇఁకమీఁద నట్లు త్రోసివేయరాదు. ఒక కవి యింటనున్న గంటములు, గ్రంథములు, కుండలు నెన్నియో చెప్పు ఆకు ఒక్కటి దొరకినను, అది యతని పని నెఱుఁగుటకుఁ బీఠికలలోని స్తుతిపద్యములకంటె నెక్కువ తోడ్పడును.